లెక్క చూచువాడు

బోయకొండ గంగమ్మ హుండీని విప్పినపుడు నోట్లొకవైపును, చిల్లర యొకవైపును పోసి, నలుగురి యెదుట నెంచుదురు. చౌడేపల్లెవారి కిది క్రొత్తసంగతి గాదు. ఎంచువారియందు సంశయముండి యిట్లు చేయుట లేదు. పదుగురి సొమ్మును చాటున నెంచరాదని చేయుచున్నారు. హైదరాబాదునందలి సత్యం కంప్యూటర్సు కంపెనీ లెక్కలను జూచినవా రీపాటి నియమమును మఱచిరి.

2009 జనవరి 7వ తేదీన ఆ కంపెనీ యధ్యక్షుడు రామలింగరాజు, పుస్తకములలో నిలువ చూపిన సొమ్ములో 5,040 కోట్ల రూపాయలు లేనేలేవని లేఖ వ్రాసి యొప్పుకొనెను. బ్యాంకులలో డిపాజిట్లున్నట్లు చూపిన రసీదులు కల్లలని తేలినది. ఏటేట నాలెక్కల క్రింద ఆడిటర్ల సంతకములు మాత్రము చక్కగా నున్నవి. బ్యాంకును నేరుగా నడిగి, జవాబును తన చేతికే తెప్పించుకొనుట ఆడిటరు నేర్చు మొదటి పాఠము. దానికి గొప్ప విద్య యక్కఱలేదు, తపాలాబిళ్ల చాలును!

రెండుదినములలో ప్రభుత్వము పాత డైరెక్టర్లను తొలగించి, పిమ్మట క్రొత్తవారిని నియమించెను. వారిలో చెన్నపట్టణపు చార్టర్డు అకౌంటెంటు టి. ఎన్. మనోహరన్ ఒకరు. 2006-07లో ఆ వృత్తివారి జాతీయసంస్థకు అధ్యక్షులుగా నుండినవారు. సుమారు 53,000 మంది యుద్యోగులు జీతములకై యెదురుచూచుచుండిరి. పెట్టెలో నున్నదెంతయో, లేనిదెంతయో చెప్పగలవారు లేరు. అట్టిచోట కూర్చుండి లెక్క తేల్చుట యుద్ధభూమిలో నిలుచుటకంటె తక్కువపని యని మేము తలపము. క్రొత్త డైరెక్టర్లు 600 కోట్ల రూపాయల యప్పు సంపాదించి పని నడపిరి. నూఱుదినములు నిండకమునుపే, ఏప్రిలు 13న, బహిరంగపోటీలో టెక్ మహీంద్రా ఆ కంపెనీని గైకొన నర్హత పొందెను. 2010లో మనోహరన్‌గారికి పద్మశ్రీ లభించెను. తరువాత కెనరా బ్యాంకునకును, ఐ.డి.బి.ఐ. బ్యాంకునకును అధ్యక్షులై, 2025లో దివంగతులైరి.

విద్య యొక్కటే, పట్టా యొక్కటే. 2015 ఏప్రిలు 9న హైదరాబాదు ప్రత్యేక న్యాయస్థానము శిక్షించిన పదుగురిలో ఇద్దరు ఆడిటర్లును గలరు. మరుసటినెలలో అప్పీలుపై శిక్ష నిలుపబడినది. న్యాయవాదులమగుట నీమాటయు చెప్పవలసియున్నది.

2018 జనవరిలో సెబీ ఆ ఆడిటు సంస్థను రెండేండ్లు నిషేధింపగా, మరుసటియేడు అప్పీలు ట్రిబ్యునలు ఆ నిషేధమును కొట్టివేసెను. ఆడిటర్లపై విచారణకు 2013 కంపెనీ చట్టము క్రింద జాతీయ ఆర్థిక నివేదన ప్రాధికారసంస్థ ఏర్పడుటకు 2018 అక్టోబరు 1 రావలసివచ్చెను. తొమ్మిదేండ్లు! అంతవఱకు సోదరుల తప్పులను సోదరులే విచారించుకొనుచుండిరి.

ఇంతటితో సరిపోయినదా? పుంగనూరు జమీలో దివాణపు తిండితో బ్రతుకు కరణము దివాణపు లెక్కను తప్పుపట్టునా? ఆడిటు సంస్థ పదేండ్లకు మించి యొకే కంపెనీలో నుండరాదని చట్టము చెప్పుచున్నది. మంచిదే. కాని క్రొత్తగా వచ్చువానికిని ఫీజునిచ్చు చేయి యదియే. ఆ ఫీజును ప్రాధికారసంస్థ ద్వారా చెల్లింపవలెనని మా యభిప్రాయము.

పఠనమందిరమున నీపుట చదువు సోదరులలో వాటాలు గలవారెందఱో యుందురు. ఏటి నివేదిక రాగానే లాభపు అంకెను జూచి మడిచిపెట్టక, ఆడిటరు పుటను తెఱచి చూడుడు. వార్షికసభలో నడుగుడు: బ్యాంకువారి జవాబు ముందుగా నెవరి చేతికి వచ్చినది?