తెర వెనుక మాటకారి

టీవీలో ‘గుండమ్మ కథ’ వస్తోందంటే ఉప్పల్‌ నుంచి నారపల్లి దాకా ఏ ఇంట్లోనూ రిమోట్‌ కదలదు. తాతయ్యకు సూర్యకాంతం కావాలి. నానమ్మకు సావిత్రి కావాలి. పిల్లలకేమో పిండి రుబ్బే ఎన్టీఆర్‌! మరి వాళ్లందరి చేతా అన్ని కబుర్లు చెప్పించిందెవరు? ఈ ప్రశ్నకు మాత్రం చాలామంది తెల్లమొహం వేస్తారు.

ఆయన డి.వి.నరసరాజు. 1920లో గుంటూరు జిల్లా తాళ్లూరులో పుట్టారు. ఎం.ఎన్‌.రాయ్‌ భావాలు వంటబట్టించుకున్న హేతువాది. నాటకాలు రాస్తూ సినిమాల్లోకి వచ్చారు.

ఫ్రాన్స్‌లో జాన్‌ క్లోద్‌ కారియేర్‌ అని ఓ రచయిత ఉండేవారు. మన మహాభారతాన్ని పీటర్‌ బ్రూక్‌ కోసం 1985లో నాటకంగా మలిచింది ఆయనే. సినిమా రచనకుగాను 2014లో ఆయనకు గౌరవ ఆస్కార్‌ ఇచ్చారు. మన దగ్గర రచయిత పేరు టైటిల్స్‌తోపాటే వెళ్లిపోతుంది!

నరసరాజు పద్ధతి చిత్రమైనది. బరువైన సంగతిని తేలికైన నోట పలికించేవారు. కె.వి.రెడ్డి తీసిన ‘పెద్దమనుషులు’ (1954)నే చూడండి. ఊరి పెద్దల గుట్టు విప్పేది రేలంగి వేసిన తిక్కశంకరయ్య. పిచ్చివాడి మాట కదా అని ఊరు నవ్వుతుంది. నిజం మాత్రం మన చెవిన పడిపోతుంది.

‘గుండమ్మ కథ’ (1962)లో ఎన్టీఆర్‌, ఏఎన్నార్‌ ఇద్దరూ ఉన్నా పేరు మాత్రం గయ్యాళిది. సవతి కూతురిచేత చాకిరీ చేయించే గుండమ్మను చూస్తే కోపం రావాలి. కానీ నవ్వొస్తుంది, చివరికి జాలేస్తుంది. కన్న కూతురి మీది గుడ్డి ప్రేమే ఆమె బలహీనత అని మాటల్లోనే తెలిసిపోతుంది మరి. ‘యమగోల’ (1977)కు వచ్చేసరికి ఏకంగా యమలోకాన్నే అడ్డుపెట్టుకుని భూలోక రాజకీయాలను ఉతికేశారు.

ఆయన కథ అందించిన ‘రాముడు భీముడు’ (1964) తమిళంలో ఎంజీఆర్‌తో ‘ఎంగ వీట్టు పిళ్లై’గా, హిందీలో దిలీప్‌కుమార్‌తో ‘రామ్‌ ఔర్‌ శ్యామ్‌’గా వెళ్లింది. 1986లో ‘కారు దిద్దిన కాపురం’కు దర్శకత్వమూ వహించారు. 2006లో కన్నుమూశారు.

ఆయన డైలాగును సన్నివేశంలోంచి తీసి విడిగా చదివితే మామూలు మాటే అనిపిస్తుంది. ప్రాస ఉండదు, పంచ్‌ ఉండదు. ఆ పాత్ర ఆ సమయంలో అన్నందుకే అది పేలుతుంది. నీతిని నీతిలా చెబితే ఎవరూ వినరని ఆయనకు తెలుసు. పిల్లలకు రోజూ క్లాసులు పీకే మనమూ నేర్చుకోవాల్సిన కిటుకే కదూ!