సాఫీగా రాసిన తీర్పు

మొన్నొక పుస్తకావిష్కరణలో అధ్యక్షులవారు శాలువా సర్దుకుంటూ సెలవిచ్చారు: "కాగితం మీద అక్షరాలు చల్లితే కవిత్వమైపోతుందా? సామాన్యుడికి అర్థం కావద్దూ?" చప్పట్లే చప్పట్లు. ప్రయోగం అనగానే మనవాళ్లు పాపం ఈ సామాన్యుణ్ణి లాక్కొచ్చి అడ్డం నిలబెడతారు. అతన్నెవరైనా అడిగారా? అడిగితే, ముందు మీ ముందుమాటలు నాకు అర్థమయ్యేలా రాయండి అంటాడు. 1939లో 'ఫిడేలు రాగాల డజన్' అనే ప్రయోగ కవితల పుస్తకం తెచ్చిన పఠాభికీ ఇలాంటి సన్మానాలే జరిగాయి.

అర్థం కావడమే గొప్పయితే 1783 నాటి గ్రెగ్సన్ వర్సెస్ గిల్బర్ట్ కేసు నివేదిక చదవండి. రెండు పేజీలు, ఎక్కడా తడబాటు లేదు. 1781లో జాంగ్ అనే ఓడ మీంచి నూటముప్పై మందికి పైగా ఆఫ్రికన్ బానిసల్ని సముద్రంలోకి తోసేశారు. తాగునీళ్లు చాలవన్నది సాకు. యజమానులు తలకు 30 పౌండ్ల చొప్పున బీమా అడిగారు. కోర్టు తేల్చాల్సింది హత్య సంగతి కాదు, సరుకు నష్టం ఎవరు భరించాలన్నది. ఎంత సుబోధకంగా ఉందో!

టొబాగోలో పుట్టి టొరాంటోలో లాయరుగా పనిచేసిన ఎం. నూర్బెసె ఫిలిప్ 2008లో ఆ రెండు పేజీల మాటల్నే ముడిసరుకు చేసుకుని 'జాంగ్!' అనే కావ్యం తెచ్చింది. మొదటి పుటలో నీళ్లన్న మాట ముక్కలై, నత్తిగా తేలుతుంది. అడుగున గీత కింద ఆఫ్రికన్ పేర్లు. చచ్చినవాళ్ల పేర్లు ఎవరూ రాసిపెట్టలేదు గనక ఆమే పెట్టింది. పోనుపోను మాటలు విరిగి, వాటిలోంచి యోరుబా, ఫ్రెంచి పలుకులు బయటికొస్తాయి. ఒక మాట కింద నేరుగా ఇంకో మాట రాదు. ప్రతి మాటకీ పైన ఖాళీ ఉండాలి, ఊపిరాడాలి కదా. 2021 ఇటాలియన్ అనువాదం ఈ కట్టుబాటు తప్పిందని ఫిలిప్ ప్రతులన్నీ నాశనం చెయ్యమంది. అతి చేస్తోందన్నారు కొందరు. మునిగినవాళ్ల నెత్తిన మళ్లీ బరువు పెడితే ఊరుకోమంటారా?

హాయిగా కథలా చెప్పొచ్చుగా అంటారు ఇంకొందరు. ఎవరి నోటితో? మిగిలిన కాగితాల్లో చచ్చినవాళ్ల గొంతే లేదు.

ఎలా చదవాలంటారా? నలుగురూ చేరి పైకి చదవండి. ఫిలిప్ గుంపుల చేత గంటల తరబడి అలాగే చదివిస్తుంది. కోర్టు మాటల్తో ఇలా కవిత్వం చేసే పని తెలుగులో ఎలా ఉంటుందో నాకూ పూర్తిగా ఊహకి అందడం లేదు. దళితుల్ని ఊచకోత కోసిన చుండూరు కేసులో నిందితులందర్నీ వదిలేసిన 2014 హైకోర్టు తీర్పు ఉంది. దాంతో మొదలుపెట్టొచ్చు.