చిన్నప్పటి ముఖంతో పోటీ

తెలుగు సినిమాలో బాలనటుడికి అసలు పరీక్ష మీసాలొచ్చాక మొదలవుతుంది. ముద్దుమాటల పిల్లవాణ్ని ప్రేక్షకులు ఏళ్ల తరబడి గుర్తుపెట్టుకుంటారు. అతనే పెద్దవాడై హీరోగా వస్తే ఒప్పుకోవడానికి తటపటాయిస్తారు. తేజ సజ్జా ఆ పరీక్ష గట్టెక్కిన తీరు అందుకే గమనించదగ్గది.

1998లో 'చూడాలని వుంది'లో చిరంజీవి కొడుకు, 2002లో 'ఇంద్ర'లో చిన్నారి ఇంద్రసేనారెడ్డి, 2003లో 'గంగోత్రి'లో చిన్నప్పటి అల్లు అర్జున్... ఆ పిల్లవాడు తేజానే. బాలనటుడిగా మొదలైన మహేష్‌బాబు 1999లో 'రాజకుమారుడు'తో హీరో అయినప్పుడు వెనక కృష్ణ అభిమానులున్నారు. తేజాకు అలాంటి కుటుంబ నేపథ్యం లేదు. 'అంజలి' (1990) బాలనటుడు తరుణ్ 2000లో 'నువ్వే కావాలి'తో ఒక్కసారిగా హీరో అయిపోయాడు. అయితే ప్రేమకథల కుర్రాడన్న ముద్ర అతణ్ని చాలాకాలం వదల్లేదు.

తేజా తొందరపడలేదు. 2019లో 'ఓ బేబీ'లో అతను హీరో కాదు, కథలోని మనవడు. ఆ పాత్ర అతను పెద్దవాడయ్యాడని ప్రేక్షకులకు చెప్పింది. 2021లో మూడు సినిమాలు వచ్చాయి. మూడూ మూడు దారులు. 'జాంబీ రెడ్డి'లో దర్శకుడు ప్రశాంత్ వర్మ రాయలసీమ ఫ్యాక్షన్ కథలోకి జాంబీలను దింపాడు. 'ఇష్క్' మలయాళం రీమేక్, అంతగా ఆడలేదు. నేరుగా ఓటీటీలో విడుదలైన 'అద్భుతం' వేర్వేరు కాలాల్లో ఉన్న ఇద్దరిని ఫోన్ కలిపే ప్రేమకథ.

ఈ ఎంపికల వెనక ఒక లెక్క ఉంది. అభిమాన సంఘాలున్న హీరోకు మొదటి రోజు టికెట్లు పేరు మీదే తెగుతాయి. అవి లేనివాడికి కథలోని కొత్తదనమే ప్రేక్షకుణ్ని థియేటర్‌కు రప్పించాలి. 2024 జనవరి 12న 'హను-మాన్' ఈ లెక్కను రుజువు చేసింది. అదే రోజు మహేష్‌బాబు 'గుంటూరు కారం' వచ్చింది. దాంతో 'హను-మాన్'కు థియేటర్లు దొరకడమే గగనమైంది. అంజనాద్రి అనే ఊళ్లో చిల్లర దొంగతనాలు చేసే హనుమంతుకు దైవశక్తి దక్కే ఈ కథ, నిర్మాతల ప్రకటన ప్రకారం రూ. 300 కోట్లకు పైగా వసూలు చేసింది. 2025 సెప్టెంబర్‌లో వచ్చిన 'మిరాయ్' కూడా రూ. 100 కోట్లు దాటింది.

చిక్కు ఇక్కడే ఉంది. అశోకుడి కాలం నాటి గ్రంథాలను కాపాడే 'మిరాయ్' వీరుడు, అంజనాద్రి హనుమంతు దాదాపు ఒకే కోవవాళ్లు. ఇద్దరూ మామూలు కుర్రాళ్లే, ఇద్దరికీ పురాణ మహిమ తోడవుతుంది. మార్కెట్ పెరిగేకొద్దీ బడ్జెట్ పెరుగుతుంది. బడ్జెట్ పెరిగితే నిర్మాత నిన్న ఆడిన కథనే మళ్లీ అడుగుతాడు. తేజాను ఇంతదూరం తెచ్చింది వైవిధ్యం. దాన్ని నిలబెట్టుకోవాలంటే రూ. 300 కోట్ల హీరో మధ్యమధ్య చిన్న సినిమా కూడా చేయాలి. చిన్నప్పటి ముఖాన్ని మరిపించడానికి అతనికి రెండు దశాబ్దాలు పట్టింది. హనుమంతును మరిపించడానికి అంత వ్యవధి ఉండదు.