రెండు ఫొటోలు, ఒకే పేరు

తన దత్తత కాగితాలు తిరగేస్తుంటే ఆమెకు రెండు ఫొటోలు దొరికాయి. రెండింటి వెనకా ఒకే పేరు – ఛా జంగ్ హీ. ఒక ఫొటోలో ఉన్నది తను. రెండో ఫొటోలోని పిల్లను తనెప్పుడూ చూడలేదు.

డియాన్ బోర్షే లీమ్ తీసిన ‘ఫస్ట్ పర్సన్ ప్లూరల్’ (2000) ఈ ప్రశ్నను పట్టుకుని నడిచే డాక్యుమెంటరీ. 1966లో, ఎనిమిదేళ్ల వయసులో, ఆమెను దక్షిణ కొరియా అనాథాశ్రమం నుంచి కాలిఫోర్నియాలోని ఒక తెల్లవాళ్ల ఇంటికి దత్తత పంపారు. వాళ్లు దత్తత కోరిన పిల్ల ఛా జంగ్ హీ. ఆ పిల్లను కన్నతండ్రి వచ్చి తీసుకుపోవడంతో, ఆ పేరూ కాగితాలూ ఈ పిల్లకు తగిలించి విమానం ఎక్కించారు. ఈమె అసలు పేరు కాంగ్ ఓక్ జిన్. కాగితాల్లో అనాథ. కన్నతల్లి మాత్రం బతికే ఉంది!

నాకు అమ్మ ఉంది, తోబుట్టువులున్నారు అని ఆ పిల్ల చెప్తే, పెంచిన తల్లి కాగితాలు చూపించి నువ్వు కలగన్నావంది. పిల్ల మాట కంటే కాగితం మాటకే విలువ. క్రమంగా భాష పోయింది, జ్ఞాపకాలు పోయాయి. అద్దంలో ముఖం ఒక్కటే మిగిలింది. పెంచినవాళ్లు దుర్మార్గులు కారు. నీ రంగూ రూపూ మాకు పట్టవు, నువ్వు మా పిల్లవే అని ప్రేమగానే అన్నారు. కానీ రంగును చూడమనడమంటే, ఆ రంగు వెనకున్న ఊరినీ, తల్లినీ కూడా చూడమనడమే కదా? చివరికి కన్నతల్లి ముందు కూర్చున్న కూతురికి దుబాసీ కావలసివచ్చింది.

ఇది ఒక మనిషి సొంత గోడు, దీనికింత చర్చ ఎందుకని కొందరు అడగవచ్చు. కొరియా నుంచి ఇలా విదేశాలకు వెళ్లిన పిల్లలు సుమారు 2 లక్షలని అంచనా. బతికున్న తల్లిదండ్రుల పిల్లల్ని అనాథలుగా నమోదు చేశారనీ, ఒకరి బదులు ఒకరిని పంపారనీ ఆ దేశపు సత్యశోధన కమిషన్ 2025 మార్చిలో తేల్చింది. దానికి పాతికేళ్ల ముందే ఒక స్త్రీ తన కథ చెప్పుకుని ఆ గుట్టు విప్పింది. వ్యక్తిగతమే రాజకీయమని మనం ఊరికే అనలేదు.

మనకూ ఈ కథ కొత్త కాదు. లంబాడా తండాల ఆడపిల్లలు దళారుల చేతులు మారి విదేశీ దత్తతకు సిద్ధమైన సంగతి 1999లోనూ, 2001లోనూ ఆంధ్రప్రదేశ్‌లో బయటపడింది. పేదరికం పేరుతో, ఆడపిల్లన్న కారణంతో బిడ్డను వదులుకోవడాన్ని 2001లో ప్రభుత్వం నిషేధించింది. తల్లి వేలిముద్ర వేసినంత మాత్రాన ఒప్పుకున్నట్టా? తిండి లేని చోట ఒప్పుకోలుకు అర్థమేమిటి?

దత్తతను కాదనడం లేదు. కానీ బిడ్డ ఫైలులో తల్లి పేరు, తండా పేరు, ఆ ఇంటి భాష ఉండి తీరాలని మనం పట్టుబట్టాలి. రేపు ఆ బిడ్డ వచ్చి అడిగినప్పుడు చేతికివ్వడానికి నిజమైన కాగితం ఒక్కటైనా ఉండాలి.