మూసీ గట్టున విద్యుత్ సైకిలు

గత మాసమున ఈ పుటలో మామిడికాయ తొక్కును గూర్చి వ్రాయుచు, వచ్చేనెల గడప దాటి వ్రాసెదమని మాట యిచ్చియుంటిమి. ఆ మాట చెల్లించుకొనుటకై గడప మాత్రమే కాదు, ఉప్పలు కూడలిని గూడ దాటి, ముప్పదియారవ యేట సైకిలెక్కి హైదరాబాదు చూచి వచ్చితిమి. నవ్వదలచినవారు ఇప్పుడే నవ్వుకొనవచ్చును. మా యింటిలో నవ్వులన్నియు నెల క్రిందటనే అయిపోయినవి.

మేము మేడిపల్లికి కాపురమునకు వచ్చి పదునైదేండ్లయినది. నగరమునకు పోని నెల లేదు. కాని పోయినదెల్ల పనిమీదనే. కోఠిలో పిల్లల పుస్తకములు, సుల్తాన్ బజారులో పెండ్లి చీరలు, ఆసుపత్రిలో అత్తగారి కంటి పరీక్ష. నగరమనగా మాకు నాలుగు గుమ్మములు, వాని నడుమ ఒక బస్సు కిటికీ. 2017వ సంవత్సరమున మెట్రో రైలు వచ్చిన పిమ్మట ఆ కిటికీ యాకాశమున కెక్కినది. సుఖమే, కాని పైనుండి చూచినచో ఊళ్లన్నియు నీళ్లతొట్ల వరుసలుగానే కానవచ్చును.

సైకిలును గూర్చి మాకొక పాత బాధ కలదు. మా తండ్రిగారు అమరకోశమును, పోతనగారి భాగవతమును ఇంటనే మాకు చెప్పిరి. అంతటి శ్రద్ధ గల ఆయన, పన్నెండవ యేట మేము అన్నగారి సైకిలు ముట్టుకొన్నందుకు ఆనాటి పాఠము మానివేసిరి. "ఆడపిల్లకు సైకిలెందుకమ్మా" అనిరే కాని కసరలేదు. కసరియున్నచో మరచియుందుము. ఇప్పుడు మా పెద్దమ్మాయి ఎనిమిదవ తరగతి చదువుచున్నది. బడి మూడు కిలోమీటర్లు. సైకిలు కొనిమ్మని యేడాదిగా అడుగుచున్నది. మొన్న సంక్రాంతినాడు మేమును అదే మాట, అదే మెత్తని గొంతుతో అంటిమి. అని, వంటింటిలోనికి పోయి, పొయ్యి వెలిగింపకయే చాలసేపు నిలుచుంటిమి.

అటుపిమ్మట కొన్ని దినములకు, మావారి బడిలో పనిచేయు ఒక ఉపాధ్యాయిని మా యింటికి వచ్చి, ఆదివారము తెల్లవారుజామున ఐదారుగురిని విద్యుత్ సైకిళ్లపై కూర్చుండబెట్టి, ఒక మార్గదర్శకురాలు పాత నగరమెల్ల త్రిప్పి చూపుచున్నదని చెప్పినది. తలకు మా యింటి పదిదినముల పాల ఖర్చు. మావారు, "నీవు పోయి చూచి రా, పిల్లకు చెప్పవలసిన మాట అప్పుడు తెలియును" అనిరి. నాలుగాదివారములు బడి ఆటస్థలమున మా అమ్మాయియే మాకు గురువైనది. వెనుక సీటు పట్టుకొని పరుగెత్తుచు, "అమ్మా, ముందుకు చూడు, చక్రాన్ని చూడకు" అని అది కసరుచుండగా, మోకాలు రెండుమారులు గీచుకొనిపోయినది.

అత్తగారికి విషయము తెలిసినంతనే రాద్ధాంతము. "ఏందే పిల్లా, ఈ వయసుల సైకిలెక్కుడేంది? కాలిరిగితె ఇంట్ల ఎవరు చేస్తరు?" అని మూడు దినములు మాటలాడలేదు. నాలుగవనాడు మేము చీరకుచ్చెళ్లు చక్రమున బడునేమోయని తలపోయుచుండగా ఆమెయే లేచి వచ్చి, "అట్ల కాదు, గోచి పెట్టాలె" అని, నాట్లు వేయునపుడు తాము కట్టుకొన్న తీరున మాకు గోచికట్టు కట్టిచూపినది. ఇన్నేండ్లలో ఆమె మాకు కట్టిన చీర అదియొక్కటే. చుడీదారు కంటె అందులో కాలు హాయిగా ఆడినదని మా యనుభవము.

ఈ సైకిలు తీరు తెలియనివారికై నాలుగు మాటలు. చూచుటకు మామూలు సైకిలే. వెనుక చక్రపు నడిబొడ్డున చిన్న మోటారు, కడ్డీకి తాళము వేసిన బ్యాటరీ యుండును. పెడలు త్రొక్కినప్పుడే మోటారు తోడువచ్చును. త్రొక్కుట మానినను, బ్రేకు నొక్కినను ఊరకుండును. స్కూటరు మనలను మోసికొనిపోవును. ఇది మన కాలికి కాలు కలుపును. మోటారు శక్తి 250 వాట్లకు, వేగము గంటకు 25 కిలోమీటర్లకు లోబడిన ఇట్టి సైకిలును మన దేశపు నియమములు మోటారు వాహనముగా నెంచవు. కావున లైసెన్సు, రిజిస్ట్రేషను అక్కరలేదు. బ్యాటరీని ఇంటిలోని ప్లగ్గుకే తగిలింపవచ్చును. 36 వోల్టులు, 10 ఆంపియర్ గంటల బ్యాటరీ నిండుటకు ఒక యూనిటులో మూడవవంతుకంటె కొంచెమెక్కువ చాలును. మన ఇస్త్రీపెట్టె అరగంటలో అంతకెక్కువ తినును. అయితే బరువు ఇరువది కిలోలు దాటును. ఈ సంగతి మాకు ముందెవరును చెప్పలేదు.

ఆదివారము ఐదుగంటలకే మావారు స్కూటరుపై మమ్ము రామంతాపురము, అంబరుపేట మీదుగా అఫ్జల్‌గంజున రాష్ట్ర కేంద్ర గ్రంథాలయము చెంత దింపిరి. 1891లో ఆసఫియా పేర వెలసిన పుస్తకభాండారమిది. ఏటి యొడ్డున ఈ మేడను 1936లో ముగించిరి. పదునైదేండ్లుగా దాని ముందునుండి బస్సులో పోవుచు, ఇదియేదో కచేరీ యనుకొంటిమి! పుస్తకమును ప్రేమింతుమని చెప్పుకొను మాకు ఇది కొంచెము సిగ్గే. ఆరుగురము చేరితిమి, నలుగురు పడుచువారు, వైద్యవృత్తి నుండి విరమించిన యొక పెద్దమ్మ, మేము. మార్గదర్శకురాలు ఇరువదియైదేండ్ల పిల్ల. మా వణకుచున్న చేతులను చూచి, "అక్కా, పెడలు ఆపకండి. మీరు ఆపితే అదీ ఆగుతది, అంతే" అన్నది. మొదటిమారు మోటారు తోడువచ్చినప్పుడు, వెనుక మా అమ్మాయి చేయి వేసినదేమో యని తిరిగి చూచితిమి.

మొదట నిలిచినది ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలోని చింతచెట్టు క్రింద. 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగి ఊరు కొట్టుకొనిపోయినప్పుడు సుమారు 150 మంది ఈ చెట్టు కొమ్మలను పట్టుకొని ప్రాణములు దక్కించుకొనిరి. వరద పాలైనవారు వేలకు వేలు. ఆ పిమ్మటనే నిజాము ప్రభుత్వము మోక్షగుండం విశ్వేశ్వరయ్యగారిని రావించినది. ఎగువను ఉస్మాన్‌సాగరు 1920లోను, హిమాయత్‌సాగరు 1927లోను పూర్తియై ఏటి పొగరు నణచినవి. అణచినవి అనుకొంటిమి. 2025 సెప్టెంబరు నెలాఖరున ఆ జలాశయముల గేట్లెత్తగా, మహాత్మాగాంధీ బస్సు నిలయములోనికి నీరు చొచ్చి ప్రయాణికులు చిక్కుకొనిరి. చెట్టు చూచిన తరువాత ఆ వార్త మాకు వేరుగా జ్ఞప్తికి వచ్చినది. ఆ రాత్రి కొమ్మపై పసిబిడ్డను చంకనిడుకొని కూర్చున్న తల్లి యెవరైన నుండియుండదా? ఆమె చేతులెంత నొచ్చియుండును!

అచ్చటినుండి గట్టువెంబడి పురానాపూలునకు. ఇబ్రహీం కుతుబ్‌షా కాలమున 1578లో కట్టిన వంతెన యిది. ప్రేయసియైన భాగమతికై ఏరు దాటబోయిన రాకుమారుని కొరకు తండ్రి దీనిని కట్టించెనని మా పిల్ల ముచ్చటగా చెప్పినది. పడుచువారు మెచ్చుకొనిరి. మేము మనసులో లెక్కవేసితిమి. అప్పటికి ఆ రాకుమారునికి పదునాలుగేండ్లయినను నిండియుండవు. భాగమతి యుండెనా లేదా యనుదానిలోనే చరిత్రకారులకు ఏకాభిప్రాయము లేదు. కాని ఆ తండ్రిని గూర్చి మాకు తెలిసిన వేరొక మాట కలదు. రాజు కాకముందు విజయనగరమున తలదాచుకొన్న ఆ రాజును మన కవులు మల్కిభరాముడనిరి. అద్దంకి గంగాధరకవి తపతీ సంవరణోపాఖ్యానమును ఆయనకు అంకితమిచ్చెను. ఆయన యధికారి యమీనుఖానునకు పొన్నెగంటి తెలగన తొలి యచ్చతెనుగు కావ్యమైన యయాతి చరిత్రమును అంకితమిచ్చెను. నాన్నగారు చెప్పిన పాఠమే యిది. వంతెనపై సైకిలునకు ఆనుకొని ఈ మాట చెప్పితిమి. పిల్ల తన చిన్న పుస్తకమున వ్రాసికొన్నది. నాన్నగారు వినియుండిన బాగుండెడిది. ఎక్కడ నిలబడి చెప్పితిమో కూడ చూచియుండిన బాగుండెడిది.

వంతెన క్రింది నీటిని గూర్చి వ్రాయక తప్పదు. నల్లని నీరు; పైట ముక్కునకు చుట్టుకొననిదే నిలువరాదు. ఎగువ నీటిని జలాశయములు పట్టుకొనగా, ఊరిలోనుండి దిగునది చాలవరకు మన స్నానముల, పాచిపనుల, మరుగుదొడ్ల నీరే. ఆ నీరే నాగోలు దాటి మా పీర్జాదిగూడ ప్రక్కగా, ప్రతాపసింగారము వైపు పోవును. ఒడ్డుపొలములలో ఆ నీటితోనే గడ్డి పెంచి పశువులకు వేయుదురు, ఆకుకూరలును పెంచుదురు. మేము ప్రతిదినము దిగువనుండి చూచు నీటిని ఆనాడు మొదటిమారు ఎగువనుండి చూచితిమి. ఇంటికి తెచ్చిన తోటకూర ఏ నీట పెరిగినదని అమ్మువానిని అడుగు అలవాటు ఆనాటినుండి చేసికొంటిమి. ఆతడు నవ్వును, చెప్పడు.

ఇచ్చటనే మా సైకిలు బ్యాటరీ నిండుకొన్నది. ముందునాడు దానికి విద్యుత్తు పెట్టుట మరచిరట. మోటారు లేనిచో ఇరువదికిలోల ఇనుము. కూరగాయల గంపల నడుమ దానిని త్రోయుచు వంతెన దాటుసరికి గోచి తడిసిపోయినది. టమాటలమ్ము ముసలమ్మ, "బరువైతె గీ గంప మీద పెట్టు బిడ్డా" అని పరిహసించినది. పిల్ల తన సైకిలు మాకిచ్చి తాను ఆ బరువు త్రొక్కినది. మీరెవరైన ఇట్టి యాత్రకు పోదలచినచో బయలుదేరకముందే బ్యాటరీ దీపములు ఎన్ని వెలుగుచున్నవో చూచుకొనుడు. హెల్మెట్టు గడ్డము క్రింద బిగియునా యని చూచుకొనుడు. అన్నిటికంటె ముఖ్యముగా, దారిలో మరుగుదొడ్డి యెచ్చటనని సిగ్గుపడక అడుగుడు. మూడుగంటల దారికి అన్ని నవాబుల పేర్లును సిద్ధపరచినవారు ఈ యొక్కదానిని సిద్ధపరచలేదు. ఒక ఇరానీ చాయి దుకాణమువారి దయవలన గండము గడచినది.

పురానాపూల్ దర్వాజా, హుస్సేనీ ఆలం దాటి చార్మినారు చేరితిమి. 1591 నాటి ఆ కట్టడమును గూర్చి మీకు క్రొత్తగా చెప్పునదేమి? అచ్చట సైకిళ్లు దిగి నడిపించుకొనిపోయితిమి. గాజుల దుకాణములన్నియు మూసియున్నవి. మూసియున్న లాడ్‌బజారును చూచుట ఇదే మొదలు. పైయంతస్తులలో చెక్కడపు కిటికీలున్నవని ఇన్నేండ్లు మాకు తెలియనే తెలియదు. గాజులు తల పైకెత్తనిచ్చినవి కావు.

నయాపూలు మీదుగా మరల ఏరు దాటి కోఠికి వచ్చితిమి. ఇచ్చటి పాత రెసిడెన్సీ భవనము 1949నుండి మహిళా కళాశాల. 2024లో ఆ విశ్వవిద్యాలయమునకు వీరనారి చాకలి ఐలమ్మ పేరు పెట్టిరి. దీనిని కట్టించిన కిర్క్‌పాట్రిక్ దొర భార్య ఖైరున్నిసా ఘోషాలో నుండుటచే మేడ ముఖము చూడ వీలుపడలేదట. అందుచే ఆమె తోటలో ఆ మేడకే చిన్న నమూనా కట్టించెనని చెప్పుదురు. గేటు వెలుపల సైకిలుపై ఒంటికాలు నేలనాని ఈ కథ వినుచుండగా పెద్దమ్మ మెల్లగా, "బొమ్మ ఇచ్చి ఊరుకోబెట్టినారన్నమాట" అన్నది. ఎవరును నవ్వలేదు.

చివర సుల్తాన్ బజారున శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయము. 1901లో తెలుగుకై వెలసిన ఈ గ్రంథాలయ స్థాపకులలో కొమర్రాజు లక్ష్మణరావుగారొకరు. వారి యక్కగారే మనకు అబలా సచ్చరిత్ర రత్నమాలనిచ్చిన భండారు అచ్చమాంబగారు. పెండ్లి చీరలకై ఆ బజారున తిరుగుచు ఎన్నిమారులు ఈ వాకిలి దాటితిమో!

తొమ్మిదింటికి ట్రాఫికు చిక్కబడినది, మా ధైర్యము పలచబడినది. యాత్ర ముగిసినది. ఇంటికి రాగానే అత్తగారు, "ఏం జూసినవ్?" అనిరి. ఏటిని గూర్చి చెప్పితిమి. ఆమె చిన్ననాడు ప్రతాపసింగారము దగ్గర ఇసుకలో చెలిమ తీసి మూసీ నీళ్లు త్రాగినదట. "తియ్యగ ఉండేటియి" అని, మరేమియు అనలేదు.

అమ్మాయి మా ముఖమునే చూచుచున్నది. మేము దాపరికము లేక చెప్పితిమి. మేము తిరిగినది ఆదివారపు తెల్లవారుజామున, ముందొకరు వెనుకొకరు కాచుచుండగా. మన యింటిముందున్నది వరంగల్లు దారి. లారీలు, బస్సులు, 2018లో మొదలైన పైవంతెన పనులతో ఏండ్లతరబడి రేగిన దుమ్ము. దానిమీద నిన్నొంటరిగా పంపుటకు మాకు గుండె చాలదు.

"తమ్ముడినైతే పంపుతావా?" అన్నది.

"పంపను."

అది కొంతసేపు ఆలోచించి, "అయితే సరే" అన్నది. సంక్రాంతినాడు ఆ మాట అనలేదు.

మోటారు సైకిలు మాకందుబాటులో లేదు. మామూలు సైకిలొకటి, పాతది, కొంటిమి. లోపలి కాలనీలగుండా బడికి దారి యున్నదేమో వెదకుటకు వచ్చే ఆదివారము తల్లికూతుళ్లము పోవుచున్నాము. చెరువుకట్ట ప్రక్క సందు పట్టినచో పెద్దరోడ్డు ఒక్కచోట మాత్రమే దాటవలసియుండునని పాలవాడు చెప్పినాడు. ఆ యొక్కచోటు ఎట్లున్నదో చూడవలెను.