గడువు కూడా అదునే

అదును తప్పితే ఎంత మంచి విత్తనమైనా పంట ఇవ్వదని మనకు ఒకరు చెప్పాల్సిన పని లేదు. బ్యాంకు కాగితం మీది తేదీ కూడా అలాంటిదేనని మాత్రం మనవాళ్లకు నష్టపోయాకే తెలుస్తున్నది.

1998లో మాదాపూర్‌లో సైబర్ టవర్స్ మొదలైనప్పుడు ఆ చుట్టుపక్కల ఊళ్లలో ఇంకా సేద్యం ఉండేది. ఇవాళ అదే మాదాపూర్, గచ్చిబౌలి, కోకాపేటల్లో మన పిల్లలు అప్పు చేసి ఫ్లాట్లు కొంటున్నారు. ఉద్యోగం ఉన్నన్నాళ్లు కిస్తీ నడుస్తుంది. ఉద్యోగం పోయిన నాడు ఆ భారం ఊళ్లో ఉన్న తండ్రి చేను మీద పడుతుంది. అందుకే ఇది పట్నం గొడవ అని సంఘం ఊరుకోవడం లేదు.

వికారాబాద్ వైపు సభ్యుడొకరు మా దగ్గరికి వచ్చారు. కొడుకు ఇంటి అప్పు మొండి బాకీ అయితే బ్యాంకు కొంత తగ్గించి ఓటీఎస్ లెటర్ ఇచ్చింది. పత్తి అమ్మిన డబ్బుతో మొదటి విడత కట్టారు. మిగతాదానికి రెండెకరాలు అమ్మారు. రిజిస్ట్రేషన్ ఆలస్యమై డబ్బు చేతికొచ్చేసరికి గడువు దాటి పదకొండు రోజులైంది. బ్యాంకు ఒప్పందం రద్దన్నది. "పదకొండు రోజులే గదా, కోర్టు ఇవ్వదా?" అని ఆయన అడిగారు.

నమ్ముకోవద్దనే చెప్పాల్సి వచ్చింది. ఓటీఎస్ అప్పు తీసుకున్నవారి హక్కు కాదని 2021 డిసెంబర్‌లో బిజ్నోర్ అర్బన్ కోఆపరేటివ్ బ్యాంకు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఒప్పుకున్న గడువును హైకోర్టు పొడిగించడం కుదరదని 2022 నవంబర్‌లో స్టేట్ బ్యాంకు, అర్వింద్రా ఎలక్ట్రానిక్స్ కేసులో తేల్చింది. పొడిగిస్తే బ్యాంకే పొడిగించాలి. కాబట్టి డబ్బు అందదని తెలిసిన రోజే, గడువు ఉండగానే, బ్యాంకుకు రాసి ఇచ్చి రసీదు తీసుకోవాలి. నోటి మాట చెల్లదు.

సర్ఫేసీ చట్టంలోని తేదీలూ గుర్తుంచుకోవాలి. డిమాండ్ నోటీసు వచ్చాక 60 రోజుల గడువు ఉంటుంది. ఆలోపు అభ్యంతరం రాసి ఇస్తే బ్యాంకు 15 రోజుల్లో జవాబివ్వాలి. ఇంటిని స్వాధీనం చేసుకుంటే 45 రోజుల్లో రుణ వసూలు ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. 2016 సవరణ తర్వాత, వేలం ప్రకటన వెలువడేలోపే మొత్తం బాకీ కట్టి ఇల్లు విడిపించుకోవాలి. ప్రకటన వచ్చాక ఆ హక్కు పోతుందని 2023 సెప్టెంబర్‌లో బాఫ్నా మోటార్స్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

మరో మాట. వ్యవసాయ భూమికి సర్ఫేసీ వర్తించదు. కానీ పాసుపుస్తకంలో ఉంటే చాలదు, ఆ భూమిలో నిజంగా సేద్యం జరుగుతుండాలని 2018లో సుప్రీంకోర్టు చెప్పింది. కొడుకు అప్పు కోసం నాలా మార్పిడి చేయించి చేను తాకట్టు పెడితే ఆ రక్షణను మన చేతులతో మనమే పోగొట్టుకున్నట్టు.

జాగ్రత్త మన వంతు సరే, న్యాయం ఎవరి వంతు? బాకీ పూర్తిగా తీరాక 30 రోజుల్లో ఇంటి పత్రాలు ఇవ్వకపోతే, తప్పు బ్యాంకుదైతే, రోజుకు 5,000 రూపాయలు చెల్లించాలని 2023లో రిజర్వు బ్యాంకు ఆదేశించింది. మంచిదే. అంటే బ్యాంకు ఆలస్యానికి రోజు లెక్కన వెల ఉంది. మన ఆలస్యానికి మాత్రం మొత్తం ఇల్లే వెల.

రాజీ పరిష్కారాలకు ప్రతి బ్యాంకు బోర్డూ విధానం రాసుకోవాలని 2023 జూన్‌లో రిజర్వు బ్యాంకే చెప్పింది. ఆ విధానంలో రెండు మాటలు చేర్చాలని మేం డిమాండ్ చేస్తున్నాం. పంట డబ్బు మీద ఆధారపడ్డ కుటుంబానికి గడువు పంట చేతికొచ్చే కాలం చూసి పెట్టాలి. ఎక్కువ భాగం కట్టినవారు కొద్ది రోజులు ఆలస్యమైతే, ఆ రోజులకు వడ్డీ తీసుకుని ఒప్పందం నిలపాలి.

అది సాధించేదాకా, ఓటీఎస్ లెటర్ వచ్చిన ప్రతి సభ్యుడూ సంతకం పెట్టకముందే దాన్ని సంఘం ఆఫీసుకు తీసుకురండి. భూమి అమ్మకముందే తేదీ చూద్దాం.