చీపురు పట్టిన లెఫ్టినెంట్ గవర్నర్

మన నాయకులు చీపురు పట్టడం చూస్తూనే ఉంటాం. రోడ్డు మీద నాలుగుసార్లు అటూ ఇటూ ఆడిస్తారు, ఫొటో పడగానే పక్కవాళ్ల చేతికిచ్చేస్తారు. ఇవాళ నేను చెప్పబోయే పెద్దమనిషి చీపురు పట్టుకుని ఏకంగా ఒలింపిక్స్‌కే వెళ్లారు. పేరు ఎరిక్ విల్లిస్. కెనడాలోని మానిటోబా ప్రావిన్స్ ఆయనది. 1896లో పుట్టారు. లాయరు, రైతు కూడా.

ఆయన ఆడిన ఆట కర్లింగ్. మంచు మీద క్యారమ్స్ అనుకోండి, కాకపోతే స్ట్రైకర్ దాదాపు ఇరవై కిలోల గ్రానైట్ రాయి. జట్టుకి నలుగురు. ఒకరు రాయిని జారవిడుస్తారు. దూరంగా గీసిన వలయాల మధ్యకి అది చేరాలి. రాయి వెళ్తుంటే ఇద్దరు దాని ముందు పరిగెడుతూ చీపుళ్లతో మంచుని గబగబా రుద్దుతారు. రాపిడి తగ్గి రాయి ఇంకాస్త దూరం, ఇంకాస్త తిన్నగా పోతుంది. మొదటిసారి టీవీలో చూసి నవ్వుకున్నాను. తర్వాత అర్థమైంది. వేసినవాడి చెయ్యి దాటిపోయిన రాయి తలరాతని కూడా పక్కవాళ్లు మార్చగల ఆట ఇది!

1932 ఫిబ్రవరిలో అమెరికాలోని లేక్ ప్లాసిడ్‌లో వింటర్ ఒలింపిక్స్. కర్లింగ్‌కి కెనడా నుంచి నాలుగు జట్లు, అమెరికా నుంచి నాలుగు. మానిటోబా జట్టు నాలుగు మ్యాచ్‌లూ గెలిచి ఫస్టొచ్చింది. అప్పటికి విల్లిస్ గారు సిట్టింగ్ ఎంపీ, 1930లో సూరిస్ నుంచి గెలిచారు. ఇంతా చేస్తే అక్కడ కర్లింగ్ ప్రదర్శన క్రీడ. గెలిచినా పతకాల పట్టికలోకి ఎక్కదు. 1924 నాటి కర్లింగ్‌కి 2006లో అధికారిక గుర్తింపు ఇచ్చారు గానీ 1932ని అలాగే వదిలేశారు.

రాజకీయాల్లోనూ ఇంచుమించు ఇదే వరస. 1935లో ఎంపీ సీటు పోయింది. మరుసటేడు మానిటోబాలో కన్సర్వేటివ్ పార్టీ నాయకుడయ్యారు. అంతకుముందు వాళ్ల నాన్న కూర్చున్న కుర్చీయే అది. ఆ ఎన్నికల్లో ఎవరికీ మెజారిటీ రాలేదు. ప్రీమియర్ బ్రాకెన్, అంటే మన లెక్కలో ముఖ్యమంత్రి, పొత్తుకి పిలిస్తే విల్లిస్ వద్దన్నారు. యుద్ధం వచ్చాక 1940లో మాత్రం సంకీర్ణంలో చేరి ప్రజా పనుల మంత్రి అయ్యారు. అది పార్టీకి మేలు చేసిందని నేననుకోను. ప్రతిపక్షం పదేళ్లు మంత్రిపదవుల్లో కూర్చుంటే ఓటరుకి ఇద్దరూ ఒకేలా కనపడతారు. 1950లో బయటికొచ్చారు. 1954లో పార్టీ ఆయన్ని కాదని డఫ్ రాబ్లిన్‌ని నాయకుడిగా ఎన్నుకుంది. విల్లిస్ కంటే ఇరవై ఏళ్లకి పైగా చిన్నవాడు.

ఇలాంటప్పుడు మన దగ్గరైతే ఏం జరుగుతుందో మీకు నేను చెప్పాలా? తెల్లారేసరికి కొత్త పార్టీ, కొత్త జెండా, పాత శాపనార్థాలు. విల్లిస్ అదే పార్టీలో ఉండిపోయారు. 1958లో రాబ్లిన్ గెలిచి ప్రభుత్వం ఏర్పాటు చేస్తే, అందులో డిప్యూటీ ప్రీమియర్‌గా, వ్యవసాయ మంత్రిగా పనిచేశారు. రాయి వేసింది కుర్రాడు, ముందు పరిగెత్తి మంచు రుద్దింది ఈయన.

1960లో ఆయన్ని మానిటోబా లెఫ్టినెంట్ గవర్నర్‌ని చేశారు. 1965 దాకా ఉన్నారు, 1967లో పోయారు. మనకిలాగే అక్కడా శాసనసభ మొదలయ్యేటప్పుడు గవర్నర్ గారి ప్రసంగం ఉంటుంది. చదివేది ఆయన, రాసిచ్చేది ప్రభుత్వం. ఆ అయిదేళ్లూ రాబ్లిన్ ప్రభుత్వం రాసిచ్చిందే విల్లిస్ గారు చదివారు.